కొత్త పదార్థానికి మూడు ప్రశ్నలు

వంట బాగా వచ్చినవాళ్లకు కూడా సూపర్‌మార్కెట్‌లో కొన్ని అరలు కనపడవు. చూపు అక్కడ నిలవదు, చెయ్యి అటు వెళ్లదు. వంకాయలు, బెండకాయలు, బంగాళాదుంపలు బుట్టలో పడ్డాక ఇక బిల్లు కట్టడానికే. ఏళ్ల తరబడి అమెరికాలోనో ఆస్ట్రేలియాలోనో ఉంటున్న తెలుగు ఇళ్లలో కూడా వారం వారం అవే ఏడెనిమిది కూరలు తిరుగుతుంటాయి. దీనికి అసలు కారణం భయం. తెలియనిదాన్ని డబ్బు పెట్టి కొని, పాడుచేసి, ఇంట్లోవాళ్ల ముందు పెడితే వాళ్లు ముఖం తిప్పుకుంటారేమో, ఆ పూట వృథా అవుతుందేమో అన్న భయం.

ఈ భయం పోవాలంటే పదార్థంతో పరిచయం కావాలి. కొత్త మనిషి ఎదురైతే ఏ ఊరు, ఏం చేస్తుంటారు అని అడిగి మాట కలుపుతామే, కూరగాయతోనూ అంతే. నేను అడిగే ప్రశ్నలు మూడు.

ఒకటి: ఇది ఎక్కడిది? ఏ మొక్కలో ఏ భాగం, దాన్ని ఎలా కోశారు?

రెండు: వెంట ఏం తెచ్చుకుంది? నీరా, ఉప్పా, పులుపా, పీచా, చేదా?

మూడు: దీనికి ఏం తక్కువ? కొవ్వా, వాసనా, కరకరా?

ఈ మూడింటికీ జవాబు దొరికితే వంటకం సగం తయారైనట్టే. ఈ పద్ధతిని ఒక్క పదార్థం మీద మొదటి నుంచి చివరిదాకా చూపిస్తాను. అది డబ్బాల్లో దొరికే తాళజాతి చెట్టు మొవ్వు. లేబుల్ మీద ‘హార్ట్స్ ఆఫ్ పామ్’ అని ఉంటుంది. దానితో ఓవెన్‌లో చేసుకునే తేలికైన కూర ఒకటి ఈ అధ్యాయంలో నేర్చుకుందాం.

మొదటి ప్రశ్న: ఇది ఎక్కడిది?

కోనసీమవాళ్లకు మొవ్వు తెలుసు. గాలివానకు కొబ్బరి చెట్టు కూలితే తలభాగం చీల్చి, మట్టలు ఒలిచి, లోపలి తెల్లటి మొవ్వు తీసి పచ్చిగానే తింటారు. తియ్యగా, లేతగా ఉంటుంది. నిలబడి ఉన్న చెట్టు జోలికి మాత్రం మొవ్వు కోసం ఎవరూ వెళ్లరు. కొబ్బరికి, తాటికి కొమ్మలుండవు. ఎదుగుదలంతా తలలో ఉన్న ఆ ఒక్క మొగ్గ నుంచే. అది పోతే చెట్టు పోతుంది. రైతులు మొవ్వుకుళ్లు తెగులుకు అంతగా భయపడేది అందుకే.

డబ్బాలో ఉన్నదీ అదే భాగం, చెట్టు వేరు. బ్రెజిల్ తూర్పు తీరంలోని అట్లాంటిక్ అడవుల్లో జుసారా అనే చెట్టు ఉంది. మొవ్వుకు ఒకప్పుడు ప్రసిద్ధి దానిదే. అది ఒంటికాండం చెట్టు. కొబ్బరి మాదిరే ఒక్క మొవ్వు తీస్తే చెట్టంతా పోయినట్టే. పెరగడానికి ఏళ్లు పడుతుంది. దొంగచాటుగా నరికి నరికి అడవుల్లో చాలాచోట్ల అది అరుదైపోయింది. టూకాన్ లాంటి పక్షులు ఆ చెట్టు పండ్లు తింటాయి. చెట్టు పోతే వాటి తిండీ పోతుంది. అమెరికాలోని ఫ్లోరిడాలో సబాల్ పామెట్టో అనే చెట్టు మొవ్వును పాత రోజుల నుంచీ వండుకుంటారు. 1953 నుంచి అది ఆ రాష్ట్ర వృక్షం. అదీ ఒంటికాండమే.

ఒక్క మొవ్వుకు చెట్టంతా పోయే ఈ చిక్కుకు దారి చూపింది పుపున్యా అనే మరో తాళజాతి చెట్టు. కోస్టారికాలో దీన్నే పెహిబాయె అంటారు. అమెరికా ఖండాల ఆదివాసులు ఎప్పుడో మచ్చిక చేసుకున్న పంట ఇది. మొదలు దగ్గర పిలకలు వేస్తుంది. ఒక కాండం కోస్తే పక్క పిలక పైకి వస్తుంది. నాటిన రెండేళ్లకు అటూ ఇటుగా మొదటి కోత అందుతుంది, ఆ తర్వాత అదే మొక్క ఏళ్ల తరబడి కాపునిస్తూ ఉంటుంది. కోస్టారికా, ఈక్వడార్, బ్రెజిల్‌లలో తోటలుగా వేసి పండిస్తున్నారు. అమెజాన్ ముఖద్వారంలోని అసాయి చెట్టు కూడా పిలకలు వేసే రకమే.

అందుకే డబ్బా కొనేటప్పుడు వెనక లేబుల్ చదవండి. పుపున్యా, పెహిబాయె, పీచ్ పామ్, లేదా ‘బాక్ట్రిస్ గసిపేస్’ అనే శాస్త్రీయ నామం ఉంటే నిశ్చింతగా కొనండి. తోటలో పండించినదని రాసి ఉంటే ఇంకా మంచిది. ఏ చెట్టుదో, ఏ దేశానిదో చెప్పని డబ్బాను అరలోనే ఉంచేయండి. మన కూర కోసం ఒక అడవి చెట్టు చావకూడదు. వంటింటి మర్యాద కొనుగోలు దగ్గరే మొదలవుతుందని నా గట్టి నమ్మకం.

రెండో ప్రశ్న: వెంట ఏం తెచ్చుకుంది?

డబ్బా మూత తీయగానే కనిపించేది నీరు. సాధారణంగా 400 గ్రాముల డబ్బాలో మొవ్వు 220 గ్రాములే ఉంటుంది. మిగతాది ఉప్పునీరు, అందులో సిట్రిక్ ఆమ్లం. అంటే ఈ పదార్థం మూడు బరువులు మోసుకొచ్చింది: నీరు, ఉప్పు, పులుపు.

పులుపు అక్కడ ఎందుకుందో తెలుసుకోవాలి. గాలి ఆడని డబ్బాలో, పులుపు లేని కూరగాయలో బొట్యులిజం కలిగించే సూక్ష్మజీవి పెరుగుతుంది. అది విడిచే విషం ప్రాణం తీస్తుంది. 1990ల చివర్లో బ్రెజిల్‌లో సరిగ్గా తయారుచేయని మొవ్వు సీసాల వల్ల ఈ జబ్బు సోకిన ఘటనలు బయటపడ్డాయి. దాంతో అక్కడి ఆరోగ్య నియంత్రణ సంస్థ అన్వీసా 1999లో నిబంధనలు బిగించింది. నిల్వ మొవ్వు పీహెచ్ 4.5 దాటకూడదంది. ‘15 నిమిషాలు మరిగించాకే తినండి’ అనే హెచ్చరిక కూడా ఆ రోజుల్లోనే లేబుళ్ల మీదకు వచ్చింది. కాబట్టి ఆ పులుపు మనకు కాపలా. ఉబ్బిన డబ్బా, తెరవగానే చిమ్మిన డబ్బా, లేబుల్ లేని ఇంటి తయారీ సీసా ఎంత చవకైనా వద్దు.

కాపలాగా పనికొచ్చిన ఆ పులుపే బేకింగ్ గిన్నెలో ఇబ్బంది పెడుతుంది. పాలతో కలిస్తే విరిగేలా చేస్తుంది. ఉప్పు సంగతి కూడా తక్కువ కాదు. 100 గ్రాముల డబ్బా మొవ్వులో 400 మిల్లీగ్రాములకు పైగా సోడియం ఉంటుంది. రెండు డబ్బాలు వాడితే దాదాపు ఒక టీస్పూన్ ఉప్పు వేసినట్టే. ఇక మొవ్వులో నిండి ఉన్న నీరు ఓవెన్ వేడికి బయటికి వచ్చి సాస్‌ను పలచన చేస్తుంది. బేక్ చేసిన కూరలు నీళ్లోడుతూ రావడానికి చాలాసార్లు కారణం ఇదే.

మూడు బరువులూ దించాలి. కడిగితే ఉప్పు, మరిగిస్తే పులుపు, ఆరబెట్టి కాలిస్తే నీరు దిగుతాయి. వంటకంలోని మొదటి మూడు మెట్లు ఈ జవాబులోంచే వచ్చాయి.

మూడో ప్రశ్న: దీనికి ఏం తక్కువ?

100 గ్రాముల మొవ్వులో సుమారు 28 క్యాలరీలే. కొవ్వు లేనట్టే లెక్క, పీచు రెండున్నర గ్రాముల దాకా ఉంటుంది. రుచి మెత్తగా, సౌమ్యంగా ఉంటుంది. నోట్లో వేసుకుంటే ఎక్కడా కరకరలాడదు, వాసన కూడా తక్కువే.

ఈ లోటును ఎలా పూడ్చాలో మొవ్వు పుట్టినచోటే నేర్చుకోవచ్చు. బ్రెజిల్‌లో తాజా పుపున్యా మొవ్వును పొడవుగా చీల్చి, వెన్న రాసి నిప్పుల మీద కాలుస్తారు. కోస్టారికాలో వండిన అన్నంలో మొవ్వు ముక్కలు, క్రీమ్, చీజ్ కలిపి ఓవెన్‌లో పెడతారు. దాన్ని ‘అర్రోస్ కోన్ పల్మీతో’ అంటారు, పండగలకూ పుట్టినరోజులకూ చేస్తారు. రెండు చోట్లా చేసింది ఒకటే పని: కొవ్వు చేర్చారు, వేడితో అంచులకు రంగు తెచ్చారు. మనం కరకర కోసం బ్రెడ్ పొడి, వాసన కోసం వెల్లుల్లి, మిరియాలు చేరుద్దాం.

ఇక్కడ ఒక హద్దు గుర్తుంచుకోండి. సౌమ్యమైన పదార్థం మీద గరం మసాలా, కారం గుమ్మరిస్తే మసాలా రుచే మిగులుతుంది. లోటును పూడ్చండి, అసలు రుచిని కప్పేయకండి.

వంటకం: మొవ్వు బేక్ (నలుగురికి)

కావలసినవి:

- డబ్బా మొవ్వు: 2 డబ్బాలు (నీరు వంచాక సుమారు 440 గ్రాములు)
- ఉల్లిపాయ: 1, సన్నగా తరిగినది
- క్యాప్సికం: 1 చిన్నది, సన్నగా తరిగినది
- వెల్లుల్లి: 4 రెబ్బలు, చితక్కొట్టినవి
- పచ్చిమిర్చి: 1, గింజలు తీసి తరిగినది
- వెన్న: 30 గ్రాములు, పైన పొరకు మరో టేబుల్ స్పూన్
- మైదా: 30 గ్రాములు
- పాలు: 300 మిల్లీలీటర్లు, గోరువెచ్చగా
- తురిమిన చీజ్: 60 గ్రాములు
- బ్రెడ్ పొడి: 4 టేబుల్ స్పూన్లు
- మిరియాల పొడి: అర టీస్పూన్, జాజికాయ పొడి: చిటికెడు
- నూనె: 2 టేబుల్ స్పూన్లు

చీజ్ గురించి శాకాహారులకు ఒక మాట. అసలైన ఇటలీ పార్మజాన్‌ను దూడ కడుపు నుంచి తీసిన రెన్నెట్‌తో తయారుచేస్తారు. శాకాహార రెన్నెట్ అని లేబుల్ మీద ఉన్న చెడ్డర్, మోజరెల్లా ఏదైనా ఈ కూరకు చక్కగా సరిపోతుంది.

*1. కడగండి, మరిగించండి.* ఉప్పునీరు పారబోసి, మొవ్వును కుళాయి కింద రెండుసార్లు కడగండి. మునిగేలా మంచినీళ్లు పోసి 15 నిమిషాలు మరిగించండి. చిన్న ముక్క కొరికి చూడండి. పులుపు ఇంకా గట్టిగా తగులుతుంటే నీళ్లు మార్చి మరో 5 నిమిషాలు ఉంచండి.

*2. కోయండి, గోరుతో పరీక్షించండి.* రెండు సెంటీమీటర్ల మందాన అడ్డంగా చక్రాలు కోయండి. కోసిన ముఖం మీద ఒకదానిలో ఒకటి అమరిన వలయాలు కనిపిస్తాయి. ఒక్కో వలయం ఒక్కో ఆకు. ఇంకా విప్పుకోని, వెలుతురు చూడని ఆకులు ఒకదాని చుట్టూ ఒకటి బిగుసుకుని ఉన్నాయన్నమాట. ఎండ తగలలేదు కాబట్టే పచ్చదనం లేదు. నడిమి పొరలు ఎప్పుడూ లేతగానే ఉంటాయి. అన్నిటికంటే బయటి పొర మాత్రం కొన్నిసార్లు ముదిరి పీచు కడుతుంది. బొటనవేలి గోరు గుచ్చి చూడండి. దిగితే ఉంచండి. దిగకపోతే లోపలి భాగాన్ని వేలితో నెట్టండి, పై పొర దానంతటదే విడిపోతుంది. దాన్ని తీసేయండి.

*3. ఆరబెట్టండి, ఒట్టిగా కాల్చండి.* ముక్కల్ని పొడి గుడ్డ మీద కోసిన ముఖం కిందకి వచ్చేలా 10 నిమిషాలు పరవండి. ఈలోపు ఓవెన్‌ను 200 డిగ్రీల సెల్సియస్‌కు వేడిచేయండి. ముక్కలకు ఒక టేబుల్ స్పూన్ నూనె పట్టించి, ట్రేలో ఒకదానికొకటి తగలకుండా పేర్చి, 12 నుంచి 15 నిమిషాలు కాల్చండి. అంచులు లేత గోధుమ రంగుకు తిరగాలి. ఈ మెట్టు దాటేయకండి, నీళ్లు కారని కూర ఇక్కడే తయారవుతుంది.

*4. కూరగాయలు వేయించండి.* మిగిలిన నూనెలో ఉల్లిపాయ, క్యాప్సికం, పచ్చిమిర్చి వేసి మధ్యస్థ మంట మీద తడి ఆరేదాకా వేయించండి. చివర వెల్లుల్లి వేసి ఒక నిమిషం ఉంచి దించండి.

*5. వైట్ సాస్ చేయండి.* సన్నని మంట మీద వెన్న కరిగించి మైదా వేసి రెండు నిమిషాలు కలుపుతూ వేయించండి. పచ్చివాసన పోవాలి, రంగు మారకూడదు. పాలు మూడు విడతలుగా పోయండి. ఒక విడత పూర్తిగా కలిసి నున్నబడ్డాకే మరో విడత. ఐదారు నిమిషాల్లో చిక్కబడుతుంది. గరిటెను ముంచి తీసి, వెనకవైపు వేలితో గీత గీయండి. గీత చెరగకుండా నిలిస్తే సాస్ సిద్ధం. పొయ్యి ఆపి మిరియాలు, జాజికాయ, సగం చీజ్ కలపండి. మైదా పాలను పట్టి ఉంచుతుంది కాబట్టి మొవ్వులో కాస్త పులుపు మిగిలి ఉన్నా విరగదు. ఉప్పు వేసే ముందు సాస్‌లో ఒక మొవ్వు ముక్క ముంచి రుచి చూడండి. చాలాసార్లు ఉప్పు అవసరమే పడదు.

*6. పేర్చండి.* సుమారు 20 సెంటీమీటర్ల వెడల్పున్న గిన్నెకు వెన్న రాయండి. అడుగున వేయించిన కూరగాయలు, పైన మొవ్వు చక్రాలు, ఆపైన సాస్. మొత్తం ఎత్తు నాలుగు సెంటీమీటర్లు దాటనివ్వకండి, లోతు ఎక్కువైతే ఆవిరి లోపలే నిలిచిపోతుంది. బ్రెడ్ పొడిలో కరిగించిన వెన్న, మిగిలిన చీజ్ కలిపి పైన చల్లండి.

*7. బేక్ చేయండి, ఆగండి.* 200 డిగ్రీల వద్ద 20 నిమిషాలు. అంచుల దగ్గర సాస్ బుడబుడమనాలి, పై పొర బంగారు రంగు తేలాలి. ఓటీజీ వాడేవాళ్లు చివరి రెండు మూడు నిమిషాలు పై రాడ్ మాత్రమే వేసుకుంటే పొర బాగా కరకరలాడుతుంది. తీశాక 10 నిమిషాలు కదపకండి. సాస్ కుదుటపడి, గరిటెతో తీసినప్పుడు ముక్క విడిపోకుండా వస్తుంది.

తేడా వస్తే ఎక్కడ చూడాలి

గిన్నె అడుగున నీరు చేరితే మూడో మెట్టు తక్కువైంది. ముక్కలు ఒకదాని మీద ఒకటి పడి ఉంటే అవి కాలవు, ఉడుకుతాయి.

ఉప్పు ఎక్కువైతే మొవ్వు సరిగ్గా కడగలేదని అర్థం. చీజ్‌లోనూ ఉప్పు ఉంటుందని మరువకండి. అప్పటికప్పుడు సరిచేయాలంటే ఉప్పు వేయని అన్నంతోనో, ఉడికించిన బంగాళాదుంపతోనో వడ్డించండి.

సాస్ ఉండలు కడితే పాలు ఒక్కసారిగా పోసినట్టు. చిల్లుల గిన్నెలో వడగట్టి మళ్లీ సన్నని మంట మీద పెట్టండి, పాడు కాలేదు.

పైన మాడి లోపల చల్లగా ఉంటే గిన్నె పై రాడ్‌కు మరీ దగ్గరగా ఉంది. మధ్య అరలో పెట్టి, మొదటి 10 నిమిషాలు పైన అల్యూమినియం ఫాయిల్ కప్పండి.

నలుగురి మధ్యకు తీసుకెళ్లాలంటే

అమెరికాలో నవంబరు నాలుగో గురువారం థాంక్స్ గివింగ్ విందుకు తెలుగు కుటుంబాలను సహోద్యోగులు, ఇరుగుపొరుగువాళ్లు పిలుస్తుంటారు. తలా ఒక వంటకం తీసుకెళ్లడం అక్కడి ఆనవాయితీ. ఆ బల్ల మీద ఓవెన్‌లో చేసిన పక్క వంటకాలే ఎక్కువ. శాకాహారులకు తినడానికి ఏముందా అని వెతుక్కునే పరిస్థితి కూడా ఉంటుంది. ఈ మొవ్వు బేక్ అక్కడ చక్కగా ఒదిగిపోతుంది. ఆతిథ్యమిచ్చేవారికి పరిచయమైన రూపం, మనకు నిశ్చింతగా తినగలిగే తిండి. పాలు, గోధుమ పడనివాళ్లు ఉంటారు కాబట్టి గిన్నె పక్కన చిన్న చీటీ మీద ఏమేం వేశారో రాసి పెట్టండి. అది అందరినీ గౌరవించడం.

ముందురోజే ఆరో మెట్టుదాకా చేసి, బ్రెడ్ పొడి చల్లకుండా ఫ్రిజ్‌లో పెట్టుకోవచ్చు. మర్నాడు అరగంట ముందు బయటపెట్టి, అప్పుడు పొడి చల్లి, బేకింగ్ సమయం మరో 10 నిమిషాలు పెంచండి.

ఇంట్లోనైతే చారన్నం పక్కన నంజుకోవడానికి ఇది బాగుంటుంది. పిడికెడు కరివేపాకు కరకరలాడేలా వేయించి, నలిపి బ్రెడ్ పొడిలో కలపండి. మొవ్వు సౌమ్యత చెడదు, మన ఇంటి వాసన చేరుతుంది.

సాధన: ఇవే ప్రశ్నలు అరటి దవ్వకు

మొవ్వు డబ్బా దొరకని ఊళ్లో ఉన్నా ఈ అధ్యాయం మీకు పనికొస్తుంది. అరటి దవ్వ తీసుకోండి. కొన్నిచోట్ల దీన్నే అరటి దూట అంటారు.

ఎక్కడిది? గెల కోశాక ఎటూ నరికేసే చెట్టు నడిమి కాండం. పక్కనే పిలక ఉంటుంది, కాబట్టి మనస్సాక్షికి ఇబ్బంది లేదు. వెంట ఏం తెచ్చుకుంది? బోలెడు నీరు, సన్నని దారాల్లాంటి పీచు, కోయగానే నల్లబడే గుణం. కాబట్టి చక్రాలు కోస్తూ వేలికి పీచు చుట్టి లాగేయాలి, ముక్కల్ని పలచటి మజ్జిగలో వేయాలి. తర్వాత కడిగి, మెత్తగా ఉడికించి, మొవ్వు మాదిరే ఆరబెట్టి కాల్చాలి. డబ్బాది కాదు గనుక ఉప్పు దించే పని లేదు, సాస్‌లో ఉప్పు మనమే వేయాలి. ఏం తక్కువ? కొవ్వు, వాసన, కరకర. అంటే నాలుగో మెట్టు నుంచి దారి ఒకటే.

వంటకం ఎలా మారిందో గమనించారా? కొత్త రెసిపీ వెతకలేదు. జవాబులు మారినచోట మెట్టు మారింది, మారనిచోట అలాగే ఉంది. వంటలో స్వతంత్రం రావడమంటే ఇదే. కొలతలు కంఠస్థం చేసినవాళ్లు ఒక్క వస్తువు దొరక్కపోతే ఆగిపోతారు. కారణం తెలిసినవాళ్లు దొరికినదానితో ముందుకు వెళతారు. వంటింట్లో ఈ అలవాటు పడితే కొత్త ఉద్యోగం, కొత్త ఊరు, కొత్త యంత్రం దగ్గర కూడా ముందు అడగాల్సింది అడిగి, తర్వాత చెయ్యి వేయడం వస్తుంది.

ఈ వారం మీరు ఇంతవరకు కొనని కూరగాయ ఒకటి కొనండి. పొయ్యి వెలిగించే ముందు ఒక కాగితం మీద మూడు ప్రశ్నలు రాసి, ఎదురుగా మీ జవాబులు రాయండి. తెలియకపోతే అమ్మేవాళ్లను అడగండి, లేబుల్ చదవండి, ఒక ముక్క కొరికి చూడండి. జవాబుల్లోంచి మెట్లు మీరే రాసుకుని వండండి. తిన్నాక ఏ జవాబు సరిపోయిందో, ఏది దిద్దాలో అదే కాగితం మీద రాసి దాచండి. వచ్చే వారం ఇంకో కూరగాయ, ఇంకో కాగితం. ఇలాంటి కాగితాలు కొన్ని పోగయ్యేసరికి మీ ఇంటికి సరిపడే వంట పుస్తకం మీరే రాసుకున్నవారవుతారు.